ట్రే నంబరు పదిహేడు

జియాలజీ మూసేశారు.
పిల్లలు చేరడం లేదట.
శనివారంలోగా గది ఖాళీ చేయాలని
ప్రిన్సిపాల్ గారి చీటీ, కింద ఆకుపచ్చ సంతకం.

ముప్ఫై ఒక్క ఏళ్లు దుమ్ము తుడిచిన రాళ్లు.
నేను అటెండర్ని, ఏసుపాదం.
సుత్తులు నేనే మోశాను, నీళ్ల క్యాన్లు నేనే మోశాను,
రాయికి పేరు పెట్టే పని మాత్రం వేరేవాళ్లది.

వినగా వినగా కొన్ని అంటుకున్నాయి.
ఉండవల్లి గుహల ముందు ఒక గైడు
ఇసుకరాయి ఇసుకరాయి అంటుంటే నోరాగక
"కాదు బాబూ, ఖోండలైటు.
అదుగో గార్నెట్, కారం చిలకరించినట్టు లేదూ?" అన్నాను.
అతను నా ఖాకీ చొక్కా వంక చూసి నవ్వాడు.
సుగుణమణి మేడం నవ్వలేదు.
తిరుగు బస్సులో తన పక్క సీటు మీది సంచి తీసి
కూర్చోమంది.

అసలు ఇసుకరాయి చూసింది ఆ మర్నాడు.
గుంటూరు నుంచి దక్షిణంగా రెండు గంటలు.
ఊరి పేరు చెప్పను,
మిగిలిన గుట్ట కాస్తా లారీలకెక్కుతుంది.

సగం తవ్విన గుట్ట.
పాత హాజరు రిజిస్టర్లు దొంతర పెట్టినట్టు
పొర మీద పొర, ఎరుపు, గోధుమ, మళ్లీ ఎరుపు.
మధ్యలో సుద్దలాంటి తెల్ల పొర ఒకటి.
దాన్ని చాకుతో విడదీస్తే
ఈత మట్టంత సన్నటి ఆకు అచ్చు.
పూలంటే ఏమిటో లోకానికి ఇంకా తెలియని
రోజుల చెట్టు అంది మేడం.
ఒక పిల్ల వెంటనే తన జడలో కనకాంబరాలు తడుముకుంది.

పైపొరలో ఏటవాలు గీతలు.
"నీళ్లు ఇటు పారాయి" అంది వేలు చాపి.
పదమూడు కోట్ల ఏళ్ల కింద వెళ్లిపోయిన నీళ్ల వైపు
అందరం తలలు తిప్పి చూశాం.
అక్కడ మిరప చేను.
ఎవరో ఆడవాళ్లు వంగి కాయ కోస్తున్నారు.

బీడీ వెలిగిద్దామని పక్కకెళ్లి కూర్చున్నప్పుడు
కాలి కింద నాకే దొరికింది.
బిళ్లంత రాయి, నడుమ గుంట,
గుంట నిండా విసనకర్ర మడతల్లాంటి గీతలు.
మేడం భూతద్దం పెట్టి చాలాసేపు చూసింది.
ఆల్చిప్ప ఎప్పుడో కరిగిపోయిందట.
ఉన్నది ఆల్చిప్ప కాదు,
ఆల్చిప్ప ఉన్న చోటు.

కాలేజీకి వచ్చాక తెల్ల రంగుతో నంబరు వేశాను.
లేబులు మీద 'కలెక్టెడ్ బై' అన్న చోట
తను నా పేరు రాసింది,
ఇంటిపేరుతో సహా.

ఇప్పుడు ట్రేలు పాత ఇనుము కింద పోయాయి,
కిలో ఇరవై ఎనిమిది.
రాళ్లు ఎవరికి కావాలి?
కొత్త బ్లాకు పక్కన పార్కింగు గుంతలో పోశారు.
ఆకులు, గవ్వలు, గార్నెట్లు కలగాపులగంగా.
వెయ్యేళ్ల తర్వాత ఎవరైనా తవ్వితే
ఏ పొర ఏ కాలందో తేల్చలేక
జుట్టు పీక్కుంటారు పాపం.

పదిహేడు మాత్రం నా టిఫిను సంచిలో ఇంటికొచ్చింది.
మార్తమ్మ దాన్ని అటూ ఇటూ తిప్పి
"గ్రాట్యుటీ ఇదేనా?" అంది.
మర్నాడు సబ్బుతో తోమి
మాగాయ జాడీలో ముక్కలు ఉప్పులో మునిగేలా
బరువు కింద పెట్టేసింది.
లేబులు తడుస్తుందని ఊడదీసి
నా కళ్లజోడు డబ్బాలో పెట్టింది.

మూడో రోజు మూత తీస్తే
ముక్కల ఊట రాయి మీదికెక్కి ఉంది.
ఆల్చిప్ప చోటులో
చారెడు కూడా లేదు, ఉప్పునీరు.
కదలకుండా నిలబడి, కిటికీ వెలుగుతో.

మార్తమ్మ గుడ్డ తెచ్చింది తుడవడానికి.
కాసేపు
ఉండనీ అన్నాను.